640 పాటల్లో 212 దిగి ఆగిపోయాయి, మిగతావన్నీ "వెయిటింగ్". ఏం చూడాలి?

మడివాళ_మూడో_అంతస్తు:

శుక్రవారం రాత్రి సిల్క్ బోర్డు దగ్గర తిరుపతి బస్సు ఎక్కాలి. పలమనేరు దాటాక మొగిలి ఘాట్‌లో సిగ్నల్ నమ్ముకోలేం కాబట్టి పాటలన్నీ ముందే దించి పెట్టుకోవాలి. ఇవాళ మంగళవారం. వివరాలు ఇవీ:

ఫోన్ ఆండ్రాయిడ్ 15, 128 జీబీ, అందులో ఖాళీ 3.1 జీబీ. యాప్ డబ్బు కట్టి వాడేదే, ప్లాను నడుస్తోంది. పేరు అవసరం లేదనుకుంటా, మెనూలు అన్నిటిలోనూ ఇంచుమించు ఒకటే. డౌన్‌లోడ్ క్వాలిటీ "వెరీ హై", అంటే 320 కేబీపీఎస్. ప్లేలిస్టులో 640 పాటలు, దిగినవి 212.

నెట్ రెండు రకాలు. పీజీ వైఫైకి లాగిన్ పేజీ వస్తుంది, మనిషికి రెండు డివైస్‌లు మాత్రమే. అది మొరాయిస్తే నా రెండో ఫోన్ నుంచి హాట్‌స్పాట్, రోజుకి 2 జీబీ ప్లాను. హాట్‌స్పాట్ మీద ఉంటే "వెయిటింగ్" అని ఉండిపోతుంది, ఒక్క పాట కూడా మొదలవదు. పీజీ వైఫై మీద మొదలవుతుంది కానీ ఏదో ఒక పాట 40 శాతం దగ్గరో 60 దగ్గరో నిలబడిపోతుంది. వింతేంటంటే రెండింటి మీదా స్ట్రీమింగ్ మాత్రం బాగానే వస్తోంది. ఇవి కాక 7 పాటలు బూడిద రంగులో ఉన్నాయి, నొక్కినా పలకవు.

రీస్టార్ట్, యాప్ అప్‌డేట్, ఫోర్స్ స్టాప్ చేశాను. యాప్ తీసేసి మళ్లీ వేయమని రూమ్మేట్ సలహా. 64 జీబీ మెమరీ కార్డు ఒకటి ఉంది, పాటల్ని అందులోకి మార్చమంటారా?

లాగ్_చూసి_చెప్తా:

యాప్ మాత్రం తీసేయకండి. తీస్తే దిగిన 212 కూడా పోతాయి. తప్పు నెట్ వైపు ఉంటే సున్నా నుంచి మొదలుపెట్టి మళ్లీ ఇక్కడికే వస్తారు. ఫోన్ సెట్టింగ్స్‌లో యాప్ పేజీ తెరిస్తే "క్లియర్ స్టోరేజ్", "క్లియర్ క్యాష్" అని రెండు బటన్లు పక్కపక్కనే ఉంటాయి. మొదటిది నొక్కినా అదే గతి, దిగిన పాటలన్నీ తుడిచిపెట్టుకుపోతాయి. రెండోది మామూలుగా డౌన్‌లోడ్‌ల జోలికి రాదు. ఏ బటన్ మీద వేలు పెడుతున్నారో చూసుకోండి.

మీకున్నది ఒక సమస్య కాదు. హాట్‌స్పాట్ మీద అసలు మొదలవకపోవడం ఒకటి, పీజీ వైఫై మీద మధ్యలో నిలిచిపోవడం ఇంకొకటి. రెండిటికీ మందు వేరు. మొదలవకపోతే ఏదో సెట్టింగ్ అడ్డుపడినట్టు. మొదలై నిలిచిపోతే దారిలో నెట్ తెగినట్టు. అంతా దిగాక మాయమైతే అది లైసెన్సుదో స్టోరేజ్‌దో.

హాట్‌స్పాట్ సంగతి ముందు. ఒక ఆండ్రాయిడ్ ఫోన్ హాట్‌స్పాట్‌కి ఇంకో ఆండ్రాయిడ్ ఫోన్ కలిసినప్పుడు, అడ్రసు ఇచ్చే సమయంలోనే "ఇది లెక్కగట్టే నెట్" అని మొదటి ఫోన్ రెండోదానికి చెబుతుంది. మీ కంటికి పైన కనిపించేది వైఫై గుర్తే. ఆండ్రాయిడ్ లోపల మాత్రం దాన్ని "మీటర్డ్", అంటే సిమ్ డేటాతో సమానం అని రాసుకుంటుంది. మీ యాప్‌లో "మొబైల్ డేటా మీద డౌన్‌లోడ్" ఆఫ్‌లో ఉండి ఉంటుంది, మామూలుగా అన్ని యాప్‌లలోనూ మొదట అలాగే ఉంటుంది. యాప్ అడిగేది "వైఫైయా?" అని కాదు, "మీటర్డా?" అని. అవునని జవాబొస్తే డౌన్‌లోడ్‌లన్నిటినీ వరసలో నిలబెడుతుంది. స్ట్రీమింగ్‌కి ఆ నిబంధన లేదు, అందుకే పాట మోగుతోంది.

సర్దడానికి దారులు రెండు. యాప్ సెట్టింగ్స్‌లో ఆ మొబైల్ డేటా బటన్ ఆన్ చేయడం తేలిక. లేదా ఫోన్ సెట్టింగ్స్, నెట్‌వర్క్ అండ్ ఇంటర్నెట్, ఇంటర్నెట్, మీ హాట్‌స్పాట్ పేరు పక్కన పళ్లచక్రం గుర్తు, అందులో నెట్‌వర్క్ యూసేజ్, అక్కడ "ట్రీట్ యాజ్ అన్‌మీటర్డ్". ఈ రెండోది చేస్తే ప్లేస్టోర్ అప్‌డేట్లు, ఫోటో బ్యాకప్ కూడా ఇదే అదనుగా మీ 2 జీబీ మీద పడతాయి. కాబట్టి నా ఓటు మొదటిదానికి, పని అయ్యాక ఆఫ్ చేయడం మరవకుండా. డేటా సేవర్ ఆన్‌లో ఉంటే అదీ తీయాలి.

ఇప్పుడు లెక్క. 320 కేబీపీఎస్ పాట నాలుగున్నర నిమిషాలుంటే 320 × 270 ÷ 8, అంటే 10.8 ఎంబీ. 640 పాటలకి 6.9 జీబీ. ఇంకా దిగాల్సిన 428కి 4.6 జీబీ. మీ దగ్గర ఖాళీ 3.1. ఇప్పుడు ఆగింది చోటు లేక కాదు, కానీ నెట్ సర్దుకున్నాక బండి ఆగబోయేది అక్కడే. పైగా ఖాళీ అర జీబీకి దిగేసరికి ఆండ్రాయిడ్ "స్టోరేజ్ తక్కువుంది" అనడం మొదలుపెడుతుంది, చాలా యాప్‌లు అంతకన్నా ముందే ఆగుతాయి. ఎప్పుడూ కనీసం 1 జీబీ ఖాళీ ఉంచాలని స్పాటిఫై తన సహాయం పేజీలోనే చెబుతుంది.

క్వాలిటీని "హై"కి, అంటే 160కి దించండి. పాట 5.4 ఎంబీ అవుతుంది, 428 పాటలు 2.3 జీబీలో సరిపోతాయి. బస్సు ఇంజను హోరులో బ్లూటూత్ ఇయర్‌ఫోన్ పెట్టుకుని 160కీ 320కీ తేడా పట్టేవాళ్లు ఉంటారేమో, నాకైతే అనుమానమే. ఒక్క జాగ్రత్త: క్వాలిటీ మారిస్తే కొన్ని యాప్‌లు పాత పాటల్నీ కొత్త క్వాలిటీలో మళ్లీ దించడం మొదలుపెడతాయి. అలా జరిగినా మొత్తం 3.5 జీబీ లోపే, పాతవి తీసేసిన చోటు కలిసొస్తుంది.

రోజుకి 2 జీబీ ప్లాను అన్నారు. ఆ కోటా అయిపోతే ఇలాంటి ప్లాన్లలో స్పీడు 64 కేబీపీఎస్‌కి పడుతుంది. ఆ స్పీడులో 5.4 ఎంబీ పాటకి 11 నిమిషాలు. అప్పుడు "ఆగిపోయింది" అనిపిస్తుంది కానీ ఆగలేదు, పాకుతోంది. కోటా అర్ధరాత్రి కొత్తగా మొదలవుతుంది కాబట్టి రాత్రి పదకొండింటికి కూర్చుంటే ఇవాళ్టి మిగులు, రేపటి 2 జీబీ రెండూ ఒకే విడతలో వాడుకోవచ్చు.

కోరమంగళ_రౌటర్:

పైన చెప్పినదానికి నేను కలిపేది పీజీ వైఫై గురించి.

లాగిన్ పేజీ ఉన్న నెట్‌లో మీ సెషన్‌కి గడువుంటుంది. గడువు తీరగానే రౌటర్ మీ ఫోన్ నుంచి వచ్చే ప్రతి అభ్యర్థననీ లాగిన్ పేజీ వైపు తిప్పాలని చూస్తుంది. బ్రౌజర్ అయితే ఆ పేజీ చూపించి మిమ్మల్ని లాగిన్ చేయమంటుంది. మ్యూజిక్ యాప్‌కి ఆ పేజీతో పనిలేదు. దాని కనెక్షన్ ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది, మధ్యలో వేరే జవాబొస్తే నమ్మదు. అలా 40 శాతం దగ్గర కళ్లు తేలేసి చూస్తూ కూర్చుంటుంది. స్ట్రీమింగ్ బాగుందన్నారు కదా, అప్పటికే ముందుకు నింపుకున్న భాగమో, ఇంతకుముందు విన్న పాటో మోగుతూ ఉండొచ్చు. ఎప్పుడూ వినని పాట ఒకటి వెతికి పెట్టి చూడండి, అసలు సంగతి అప్పుడు తెలుస్తుంది.

నిలిచిపోయిన క్షణంలో బ్రౌజర్ తెరిచి నెవర్ఎస్ఎస్ఎల్ డాట్ కామ్ కొట్టండి. ఎన్‌క్రిప్షన్ లేకుండా తెరుచుకునే సైట్ అది, ఇందుకోసమే పెట్టారు. లాగిన్ పేజీ దూకిందంటే దొంగ దొరికాడు. లాగిన్ అయి యాప్‌కి తిరిగొచ్చి డౌన్‌లోడ్‌ని ఒకసారి పాజ్ చేసి మళ్లీ నొక్కండి.

మీ పీజీలో రెండు డివైస్‌ల పరిమితి కూడా ఉందన్నారు. ఇక్కడ చాలామందికి తెలియని మెలిక ఒకటుంది. ఆండ్రాయిడ్ 10 నుంచి ఫోన్ ఒక్కో వైఫై పేరుకి ఒక్కో నకిలీ మ్యాక్ అడ్రసు, అంటే రౌటర్ డివైస్‌ని గుర్తుపట్టే నంబరు, చూపిస్తుంది. పీజీలో ఒకే రౌటర్‌కి "2.4" అని ఒక పేరు, "5జీ" అని ఇంకో పేరు పెట్టి ఉంటే, మీ ఒక్క ఫోనే రెండు పేర్ల మీద రెండు డివైస్‌లుగా లెక్కపడొచ్చు. ల్యాప్‌టాప్ కలిపితే మూడు. మూడోది రాగానే మొదటిది బయటికి. వైఫై పేరు నొక్కి, ప్రైవసీలో "యూజ్ డివైస్ మ్యాక్" పెట్టి, రెండు పేర్లలో ఒకదాన్ని ఫర్గెట్ చేయండి. మిగిలించేది 5 గిగాహెర్ట్జ్‌దే. మూడో అంతస్తులో చుట్టూ పీజీలే ఉంటాయి కదా. 2.4లో ఒకదానిమీద ఒకటి పడకుండా ఉండే ఛానళ్లు 1, 6, 11 మూడే. వీధిలోని రౌటర్లన్నీ వాటి మీదే కొట్టుకుంటుంటాయి. బ్లూటూత్ కూడా అదే బ్యాండ్, కాబట్టి ఇయర్‌ఫోన్లో పాట వింటూ 2.4 మీద దించితే ఇంకా నెమ్మది.

ఇంకొకటి. డీఎన్ఎస్ అంటే సైట్ పేరు ఇస్తే దాని అడ్రసు వెతికిచ్చే సేవ. ప్రకటనలు రాకుండా ప్రైవేట్ డీఎన్ఎస్‌లో ఏదైనా అడ్డుపుల్ల పేరు పెట్టుకున్నారా? ఆండ్రాయిడ్ 9 నుంచి ఆ సదుపాయం ఉంది. పాట ఫైలు ఒక సర్వర్ నుంచి వస్తుంది, దాన్ని తెరిచే తాళంచెవి మరో సర్వర్ నుంచి. రెండోదాని పేరు ఆ బ్లాక్ జాబితాలో ఉంటే ఫైలంతా దిగి కూడా పాట "దిగలేదు" అనే అంటుంది. నెట్‌వర్క్ అండ్ ఇంటర్నెట్‌లో ప్రైవేట్ డీఎన్ఎస్‌ని "ఆటోమేటిక్" చేసి ప్రయత్నించండి. వీపీఎన్ ఉంటే అదీ తీయండి. ఆఫీసు వాళ్లు పెట్టిన వర్క్ ప్రొఫైల్‌లో, అంటే బ్రీఫ్‌కేస్ గుర్తున్న ఐకాన్‌తో యాప్ ఉంటే అక్కడ దించకండి. ఆ నెట్ దారి ఆఫీసు చేతిలో ఉంటుంది, పర్సనల్ వైపు ఉన్న యాప్‌లోనే దించుకోండి.

కార్డు_సంగతులు:

మెమరీ కార్డు అడిగినారు కదా, దాని గురించి ఎవరూ చెప్పలేదే.

పెట్టొచ్చు, కానీ ముందు కార్డు నిజమైనదో కాదో చూడాల. 64 అని కొన్నది ఫోన్లో 59 చిల్లర చూపిస్తే అది మోసం కాదు, లెక్క పద్ధతి తేడా. మోసం ఎట్లుంటుందంటే, లోపల 8 జీబీ మాత్రమే ఉండి పైకి 64 అని చెప్పుకునే కార్డులుంటాయి. మొదటి 8 జీబీ బాగా రాసుకుంటుంది, ఆ తర్వాత రాసేదంతా గాలికి. పాటలన్నీ దిగినట్టే కనిపిస్తాయి, నొక్కితే పలకవు. ఎస్పీ రోడ్డులో కొన్నా ఆన్‌లైన్‌లో కొన్నా సరే, కొత్త కార్డుని ల్యాప్‌టాప్‌లో పెట్టి పరీక్ష చేయకుండా వాడొద్దు. విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ, లినక్స్‌లో ఎఫ్3. రెండూ ఉచితం. కార్డు నిండా రాసి, మళ్లీ చదివి పోల్చి చెప్తాయి. సెకనుకి 20 ఎంబీ రాసే కార్డుకి 64 జీబీ రాయడమే 53 నిమిషాలు, చదవడం దానికి అదనం. అన్నం తినే ముందు పెట్టి వదిలేయండి.

కార్డు మీద గుర్తులు కూడా చూడండి. గుండ్రంలో 10 అన్నా, 'యు' ఆకారంలో 1 అన్నా వరసగా రాసేటప్పుడు సెకనుకి కనీసం 10 ఎంబీ. పాటలకి అది చాలు. ఏ1 అని ఉంటే ఇంకా మేలు, చిన్న చిన్న ఫైళ్లు అక్కడక్కడా చదవడంలో కనీసం 1500 సార్లు, రాయడంలో 500 సార్లు సెకనుకి అని దాని అర్థం.

మార్చే విధానం: యాప్ లోపలి సెట్టింగ్స్‌లో స్టోరేజ్ అని ఉంటుంది, అక్కడ కార్డు ఎంచుకుంటే యాప్ ఉన్నవాటిని తనే తరలిస్తుంది. అది నడిచేటప్పుడు యాప్ మూయొద్దు, కార్డు పీకొద్దు. ఫైల్ మేనేజర్‌తో మీరే కాపీ చేస్తే యాప్ గుర్తుపట్టదు. ఆ కార్డు తీసి ఇంకో ఫోన్లో పెట్టినా, కారులో పెట్టినా మోగదు, ఎందుకంటే అవి ఎంపీ3లు కావు, మీ ఫోనుకీ మీ ఖాతాకీ కట్టేసిన ఎన్‌క్రిప్టెడ్ ఫైళ్లు. ఇంట్లోవాళ్లు పెన్‌డ్రైవ్‌లో వేసిమ్మంటే ముందే చెప్పేయండి, కాదని.

నన్నడిగితే ఈ ప్రయాణం వరకు కార్డు వద్దు. మూడు రోజుల్లో ఊరెళ్లేవాళ్లు కొత్త సమస్య ఎందుకు తగిలించుకోవాల? 160 క్వాలిటీ పెట్టి ఫోన్లోనే ఉంచండి.

మడివాళ_మూడో_అంతస్తు:

లాగ్ గారు చెప్పినట్టే, మొబైల్ డేటా డౌన్‌లోడ్ బటన్ ఆఫ్‌లో ఉంది. ఆన్ చేసిన నాలుగు సెకన్లకి హాట్‌స్పాట్ మీద మొదలైంది. క్వాలిటీ 160కి మార్చాను, పాతవి మళ్లీ దిగలేదు. రాత్రి 11:20కి పెట్టి పడుకున్నా. పొద్దున చూస్తే 391. కోటా ఇంకా 1.4 జీబీ మిగిలే ఉంది, అంటే అది కారణం కాదు.

పీజీ వైఫైలో నెవర్ఎస్ఎస్ఎల్ కొట్టగానే లాగిన్ పేజీ వచ్చింది. రెండు పేర్లూ ఫోన్లో సేవ్ అయ్యే ఉన్నాయి, ఒకటి తీసేశాను. ప్రైవేట్ డీఎన్ఎస్ ఆటోమేటిక్‌లోనే ఉంది.

ఇప్పుడు రాత్రి 391 దగ్గర ఎందుకు ఆగింది? బూడిద రంగు 7 అలాగే ఉన్నాయి.

లాగ్_చూసి_చెప్తా:

ఫోన్ చార్జింగ్‌లో పెట్టకుండా పడుకున్నారా? అదైతే కారణం అక్కడే ఉంది.

స్క్రీన్ ఆఫ్ అయి, ఫోన్ కదలకుండా, చార్జర్ లేకుండా ఉంటే ఆండ్రాయిడ్ కునుకు తీస్తుంది. డోజ్ అంటారు, 2015లో ఆండ్రాయిడ్ 6తో వచ్చింది. ఆ స్థితిలో వెనకాల నడిచే పనులకి నెట్ ఆగాగి ఇస్తుంది. చార్జర్ పెట్టి ఉంటే డోజ్ రాదు. దీనికి తోడు కొన్ని కంపెనీల ఫోన్లు తమ సొంత బ్యాటరీ కాపలాదారుని పెడతాయి, అతను ఇంకా కర్కోటకుడు, యాప్‌ని నేరుగా చంపేస్తాడు. సెట్టింగ్స్, యాప్స్, మీ యాప్, బ్యాటరీలోకి వెళ్లి "అన్‌రిస్ట్రిక్టెడ్" పెట్టండి. "ఆటోస్టార్ట్" అనే బటన్ ఉన్న ఫోనైతే అదీ ఆన్ చేయండి. రీసెంట్ యాప్స్‌లో పైకి తోసేయకండి, ఆ తెరలో యాప్ కార్డు మీద తాళం గుర్తుంటే వేసేయండి. హాట్‌స్పాట్ ఇచ్చే ఫోన్ సంగతీ మరవొద్దు. ఎవరూ వాడట్లేదనుకుంటే హాట్‌స్పాట్ తనంతట తానే ఆఫ్ అయ్యే బటన్ ఒకటి హాట్‌స్పాట్ సెట్టింగ్స్‌లో ఉంటుంది. మీ ఫోన్ కాసేపు కునుకేస్తే ఆ ఫోన్ "వెళ్లిపోయాడు" అనుకుని మూసేస్తుంది. రెండు ఫోన్లూ ఒకదాన్నొకటి నిద్రపుచ్చుకుంటాయన్నమాట.

ఆండ్రాయిడ్ 15లో ఇంకో గోడ కూడా ఉంది. "డేటా సింక్" రకం సర్వీసుతో వెనకాల పనిచేసే యాప్‌కి 24 గంటల్లో 6 గంటలే అనుమతి. గడువు తీరాక మళ్లీ యాప్‌ని మీరు తెరమీదికి తెస్తేనే గడియారం మొదటికొస్తుంది. ఆ ఆరు గంటల్లో 6.9 జీబీ దిగాలంటే 2.5 ఎంబీపీఎస్ నిలకడగా రావాలి, రాత్రి పదింటికి ఏ పీజీ వైఫై ఇస్తుంది చెప్పండి. మీకు మిగిలినవి ఇప్పుడు 249, అందులో బూడిదవి 7 తీస్తే 242. 160లో 1.3 జీబీ. ఈ గోడ మీకు తగలదు, కానీ రెండు మూడు వేల పాటలు దించేవాళ్లు గుర్తుపెట్టుకోవాలి.

జయనగర్_శ్రోత:

బూడిద రంగు పాటల్ని డౌన్‌లోడ్ సమస్య అనుకుని చాలామంది టైము వృథా చేసుకుంటారు. అది హక్కుల సంగతి. లేబుల్, అంటే పాటల హక్కులున్న కంపెనీ, ఆ ఆల్బమ్ ఎంట్రీని వెనక్కి తీసుకుంటే మీ ప్లేలిస్టులో దాని నీడ మిగులుతుంది. అదే పాట మళ్లీ ఎక్కించినా కొత్త నంబరుతో వస్తుంది, మీ ప్లేలిస్టు పాత నంబరునే పట్టుకుని కూర్చుంటుంది.

తెలుగు సినిమా పాటకి ఇది మరీ ఎక్కువ. ఒకే పాట సినిమా ఆల్బమ్‌లో ఒకటి, సంగీత దర్శకుడి హిట్స్ సంకలనంలో ఒకటి, గాయకుడి పుట్టినరోజు సంకలనంలో ఒకటి, మూడు వేర్వేరు ఎంట్రీలుగా ఉంటుంది. సంకలనంలోంచి తీసుకున్నవే ఎక్కువగా బూడిదవుతాయి. సినిమా పేరుతో వెతికి అసలు ఆల్బమ్‌లోంచి మళ్లీ చేర్చుకోండి. పాట పేరుతో వెతికితే దొరక్కపోవచ్చు, ఎందుకంటే పల్లవిని ఇంగ్లిష్ అక్షరాల్లో ఒక్కో లేబుల్ ఒక్కోలా రాస్తుంది. ఒకచోట దీర్ఘానికి రెండు 'ఎ'లు, ఇంకోచోట ఒకటే. 'త'కి ఒకరు 'టి', మరొకరు 'టిహెచ్'. నాలుగైదు భాషల్లో ఒకేసారి వచ్చే సినిమాలకైతే ఆల్బమ్ పేరు చివర భాష చూసుకోండి. కవరు బొమ్మ ఒకటే ఉంటుంది, బస్సులో పల్లవి కన్నడంలో మొదలవుతుంది. బెంగళూరులో ఉన్నాం కదా, అది పెద్ద నష్టమేం కాదనుకోండి.

ఇందిరానగర్_ఐఫోన్:

మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోకండి. ఐఫోన్‌లో కూడా ఇదే తంతా? పోయిన నెల దించినవన్నీ ఈ నెల మాయం.

లాగ్_చూసి_చెప్తా:

మీది వేరే జబ్బు అండి. దిగి మాయమైనవాటికి గడువు లెక్క చూడాలి. స్పాటిఫైలో అయితే 30 రోజుల్లో ఒకసారైనా యాప్‌ని ఆన్‌లైన్‌లో తెరవాలి, లేకపోతే డౌన్‌లోడ్‌లు పోతాయి. యూట్యూబ్ మ్యూజిక్‌లోనూ 30 రోజులకోసారి నెట్‌కి కలవాలి. స్పాటిఫైలో డివైస్‌కి 10,000 పాటలు, అలాంటి డివైస్‌లు 5 వరకు. 2018 సెప్టెంబరుకి ముందు 3 డివైస్‌లు, ఒక్కోదానికి 3,333 పాటలే ఉండేవి. ఆరో డివైస్‌లో డౌన్‌లోడ్ నొక్కితే, మీరు అన్నిటికన్నా ఎక్కువ కాలంగా ముట్టుకోని డివైస్‌లోవి పోతాయి. ఇంట్లో పాత ట్యాబ్, ఎప్పుడో మార్చిన ఫోన్ కూడా ఈ లెక్కలో ఉండొచ్చు, ఖాతా పేజీలోంచి ఒకసారి అన్ని చోట్లా సైన్ అవుట్ కొట్టండి. ప్లాను డబ్బు కట్ అవకుండా ఒక రోజు ఆగినా ఇదే ఫలితం. ఫోన్ తేదీ, టైము చేత్తో మార్చి ఉంటే "ఆటోమేటిక్" పెట్టండి, గడువు లెక్కలు తప్పుతాయి.

ఐఫోన్‌లో దిగకపోవడానికి మామూలు దోషులు లో డేటా మోడ్, లో పవర్ మోడ్. రెండూ ఆఫ్ చేసి, చార్జర్ పెట్టి, యాప్‌ని తెరమీదే ఉంచి దించండి.

మడివాళ_మూడో_అంతస్తు:

గురువారం రాత్రి స్థితి. చార్జర్ పెట్టలేదు నిజమే. అన్‌రిస్ట్రిక్టెడ్ చేసి, హాట్‌స్పాట్ ఫోన్లో ఆటో ఆఫ్ తీసేసి, రెండూ చార్జింగ్‌లో పెట్టాను. గంటా పది నిమిషాల్లో 633 అయ్యాయి. బూడిద 7లో ఐదు సినిమా ఆల్బమ్‌ల్లో దొరికాయి, వాటిని చేర్చాక 638. రెండు ఎక్కడా లేవు, తీసేశాను. ఖాళీ 0.8 జీబీ ఉంది. ఇక నిశ్చింతగా బస్సెక్కొచ్చా?

కోరమంగళ_రౌటర్:

ఒక్క పరీక్ష చేసి ఎక్కండి. ఎయిర్‌ప్లేన్ మోడ్ వేయండి. కొత్త ఆండ్రాయిడ్‌లలో ఎయిర్‌ప్లేన్ మోడ్ వేసినా వైఫై ఆన్‌లోనే ఉండిపోవచ్చు, అది విడిగా ఆఫ్ చేయండి. బ్లూటూత్ ఉండనివ్వొచ్చు. అప్పుడు ప్లేలిస్టు చివరికి వెళ్లి ఆఖరి పాట, మధ్యలో ఒక పది పాటలు, కొత్తగా చేర్చిన ఐదు నొక్కండి. ప్రతిదాన్నీ మూడో నిమిషానికి జరిపి వినండి. మొదటి ముప్పై సెకన్లు మోగి ఆగిపోయే పాట దిగలేదన్నమాటే, పక్కన పచ్చ బాణం ఉన్నా సరే. అలాంటిది కనిపిస్తే ఆ ఒక్క పాట డౌన్‌లోడ్ తీసి మళ్లీ దించండి, ప్లేలిస్టు మొత్తాన్ని కదపకండి.

బస్సెక్కాక యాప్‌లో "ఆఫ్‌లైన్ మోడ్" ఆన్ చేయండి. సిగ్నల్ పూర్తిగా లేకపోతే యాప్ తనే డౌన్‌లోడ్‌లోంచి పాడుతుంది. ఒక్క గీత సిగ్నల్ ఉన్నప్పుడే తంటా. నెట్ ఉందనుకుని కవరు బొమ్మ కోసం, పాట పదాల కోసం సర్వర్‌ని అడిగి ఎదురుచూస్తూ తెర బిగుసుకుపోతుంది. కోలారు దాటిన దగ్గర్నుంచి ఘాట్ దిగేదాకా అలాంటి ఒక్క గీత చోట్లే ఎక్కువ.

మడివాళ_మూడో_అంతస్తు:

పదహారు నొక్కాను. పద్నాలుగు చివరిదాకా మోగాయి. రెండు, మొదట్లో పీజీ వైఫై మీద దిగిన 212లోవే, సగంలో ఆగాయి. వాటిని తీసి మళ్లీ దించాను, ఇప్పుడు సరిగ్గా ఉన్నాయి. ఆ 212నీ రేపు పగలు వరసగా ఒకసారి మూడో నిమిషం దగ్గర నొక్కి చూస్తాను.